కుదరదు గారి బస్సు

ఆ ఊరి ఎమ్మెల్యే గారికి ఒకే ఒక్క అలవాటు ఉండేది. ఎవరు ఏమడిగినా ముందు "కుదరదు" అనేవారు. అడిగింది రోడ్డా, పింఛనా, మంచినీళ్ళా అన్నది తర్వాతి సంగతి. అసలు అవతలివాళ్ళు అడగడం పూర్తి చేయాలన్న పట్టింపు కూడా ఆయనకు లేదు. "అయ్యా, మా వీధిలో..." అనేసరికే కుదరదు వచ్చి మీద పడేది. ఆయన అసలు పేరు ఓటర్ల జాబితాలో తప్ప ఇంకెక్కడా మిగల్లేదు. పెద్దలూ పిల్లలూ అందరూ ఆయన్ని కుదరదు గారనే పిలిచేవాళ్ళు. ఎదురుపడినప్పుడు "నమస్కారం కుదరదు గారూ" అంటే ఆయన కూడా చక్కగా చేతులు జోడించి నమస్కారం పెట్టేవారు. ఊరిజనానికి ఆయన దగ్గర వెంటనే కుదిరేది అదొక్కటే.

ఈ అలవాటు వల్ల అందరికంటే ఎక్కువ నలిగినవాడు ఆయన బావమరిది. జీపు నడిపేది అతనే, ఫోనెత్తేది అతనే, కుదరదనిపించుకుని మొహం వేలాడేసుకున్నవాళ్ళకు మంచినీళ్ళిచ్చి గేటు దాకా సాగనంపేది కూడా అతనే. వాళ్ళు బావను తిట్టుకునే తిట్లన్నీ గేటు దగ్గర ముందుగా అతని చెవినే పడేవి.

"బావా, ఆ మాటేదో కాస్త చివర్లో అనకూడదా? పాపం, వాళ్ళు అడగడమన్నా పూర్తి చేసుకుంటారు," అన్నాడొకసారి ఉండబట్టలేక.

"కుదరదు," అన్నారు బావ.

ఇది రాజకీయాల్లోకి వచ్చాక అంటుకున్న జబ్బు కాదు. అంతకుముందు ఆయనకు బజారు చివర తాళాల కొట్టు ఉండేది. తాళంచెవి పోగొట్టుకున్నవాడు పెట్టె నెత్తిన పెట్టుకుని వస్తే, దాన్ని అటూ ఇటూ తిప్పి చూసి "కుదరదు" అనేవారు. పెట్టె యజమాని ఉసూరుమంటూ పక్క కొట్లో టీ తాగి వచ్చేసరికి పెట్టె బార్లా తెరిచి ఉండేది. "కుదరదన్నారు కదండీ" అంటే, "అవును, అన్నాను" అని మళ్ళీ పనిలో పడేవారు.

పెళ్ళి సంబంధం మాట్లాడుకునే రోజున కూడా ఇదే కథ. కాబోయే మామగారు "మా అమ్మాయిని రాణిలా చూసుకుంటావా నాయనా" అని అడిగితే, ఈయన కాసేపు ఆలోచించి "కుదరదండీ, నాది తాళాల కొట్టు" అన్నారు. మామగారు మొహం మాడ్చుకుని వీధి తలుపు వైపు చూశారు. లోపలి నుంచి అమ్మాయే మాట్లాడింది. "ఇప్పటిదాకా వచ్చినవాళ్ళంతా రాణిలా చూసుకుంటామన్నవాళ్ళే నాన్నా. వాళ్ళ ఇళ్ళలో ఒక్క రాణి కూడా కనబడలేదు. ఈయన్నే ఖాయం చెయ్యి." ఈ ముచ్చట ఆ అమ్మాయి, అంటే బావమరిది అక్క, ఇప్పటికీ తమ్ముడికి చెప్పి కళ్ళ నీళ్ళు వచ్చేదాకా నవ్వుతుంది.

ఆయన ఎమ్మెల్యే అయింది కూడా తాళం పుణ్యమే. ఊరి ఆసుపత్రికి తాళం వేసుకుని డాక్టరు సెలవు మీద వెళ్ళిపోయి తిరిగి రాలేదు. ఒక రోజు ఈయన కొట్టు కట్టేసి, తన పనిముట్ల సంచీతో వెళ్ళి ఆ తాళం తీసి, కొత్త డాక్టరు వచ్చేదాకా ఆసుపత్రి మెట్ల మీద నుంచి లేవలేదు. లేవమని పోలీసులు చెప్పారు, పెద్దమనుషులు చెప్పారు, చివరికి వాన కూడా చెప్పింది. అందరికీ ఒకటే సమాధానం. కొత్త డాక్టరు వచ్చి మెట్లెక్కుతూ మొదట పరీక్ష చేసింది ఈయన జలుబునే. అప్పటి నుంచి ఊరికి ఆయన మీద గురి కుదిరింది. ఎన్నికలొచ్చినప్పుడు పార్టీవాళ్ళు వెతుక్కుంటూ వచ్చి "మీరు నిలబడాలి" అన్నారు. "కుదరదు" అన్నారీయన. ఈయన దగ్గర పెట్టె తెరిపించుకున్నవాడొకడు పక్కనుంచి "ఒప్పుకున్నారు, వెళ్ళి గోడల మీద రాయించుకోండి" అని వాళ్ళకు చెప్పాడు.

ఆయన మీద పోటీకి నిలబడింది అప్పటిదాకా ఆ పదవిలో ఉన్న సినిమా హాలు ఓనరు. ఆయనకూ ఒక మాట ఉంది: "అయిపోయిందనుకోండి." వంతెన అడిగితే అయిపోయిందనుకోండి, కాలేజీ అడిగితే అయిపోయిందనుకోండి. ఆ మాట వింటుంటే నిజంగానే వంతెన మీద నడుస్తున్నట్టుండేది. సినిమా హాలాయన ఉపన్యాసం మొదలుపెడితే ముందు వరస నిద్రపోయి లేచేది. కుదరదు గారు మైకు ముందుకొచ్చి "గెలిస్తే అన్నీ చేసేస్తానని చెప్పడం కుదరదు" అని దిగిపోయారు. అయిపోయిందనుకున్నవేవీ ఏళ్ళ తరబడి కాకపోవడం చూసి చూసి విసుగెత్తిన జనం ఈయన్నే గెలిపించారు.

శాసనసభలో మాత్రం ఆ మాట ఆయన కొంప ముంచింది. పార్టీ అధినేత పిలిచి, "మిమ్మల్ని మంత్రివర్గంలోకి తీసుకుందామనుకుంటున్నాను" అన్నారు. ఈయన అలవాటు కొద్దీ కుదరదన్నారు. అధినేతకు ఈయన పద్ధతి తెలియదు కదా, నిజమే కాబోలనుకుని ఆ పదవి పక్కనున్నాయనకిచ్చేశారు. బావమరిది రెండు పూటలు అన్నం మానేశాడు. "నీకు మంత్రి గారి బావమరిదివయ్యే యోగం లేదురా, లేచి తిను" అంది అక్క.

అయితే ఆయన పనిచేయని మనిషి అనుకునేరు. ఊళ్ళో కుదరదనడం ఎంత ఖాయమో, ఆ మర్నాడు జీపెక్కి ఆఫీసులకు పోవడం అంత ఖాయం. ఆఫీసుల్లో అందరికీ ఉండే ఊతపదం ఒకటుంది: "చూద్దాం సార్." ఆ మాట విన్నవాళ్ళు దండం పెట్టి వచ్చేయాలి, అదీ మర్యాద. ఈయన ఆ మర్యాద నేర్చుకోలేదు.

"చూద్దాం సార్," అనేవాడు ఆఫీసరు.

"చూడండి," అని కుర్చీలో కూర్చునేవారీయన.

"ఇప్పుడు కాదు సార్. తర్వాత చూద్దాం."

"పర్వాలేదు, తర్వాతే చూడండి. నాకు తొందరేం లేదు."

ఆయన చేతిసంచీలో మంచినీళ్ళ సీసా, విసనకర్ర, అటుకులపొట్లం ఉండేవి. ఒక ఆఫీసరు తెలివిగా తన గదిలో ఎదుటి కుర్చీలన్నీ తీయించేశాడు. ఈయన మూలనున్న ఫైళ్ళ బొత్తి మీద కూర్చున్నారు. మధ్యాహ్నానికి ఆఫీసరుకు ఆ బొత్తిలోని కాగితమే కావలసి వచ్చింది. ఈయన లేవాలంటే ఈయన పనిమీద సంతకం పడాలి. పడింది.

ఇలా ఊరికి నీళ్ళ ట్యాంకు వచ్చింది, బడికి గోడ వచ్చింది. కానీ అవి ఎవరి వల్ల వచ్చాయో ఊళ్ళో ఎవరికీ తెలిసేది కాదు. ఈయన కుదరదన్నారు కాబట్టి ఈయన వల్ల కాదన్నది మాత్రం అందరికీ తెలుసు. "మన అదృష్టం బాగుండి వచ్చింది" అనుకునేవాళ్ళు. అది విన్నప్పుడల్లా బావమరిదికి కడుపు రగిలిపోయేది. అదృష్టం కోసం జీపులో కూర్చుని ఎండలో కాగినవాడు అతనాయె.

ఇంతలో మిషనమ్మ వచ్చింది.

మిషనమ్మ అంటే బట్టలు కుట్టే ఆవిడ. బజారు వెనక సందులో ఒక గది, అందులో ఒక కుట్టు మిషను, ఒక కూతురు. భర్త పోయాక ఆ మిషను మీదే కూతుర్ని పెంచింది. కుదరదు గారి చొక్కాలు కూడా ఆవిడే కుట్టేది. కూతురు పట్నంలో నర్సు చదువుకు వెళ్ళి వస్తోంది. పొద్దున వెళ్ళడానికి ఊళ్ళోకి బస్సుంది. సాయంత్రం వచ్చే బస్సు మాత్రం కూడలి దగ్గరే దించేసి పెద్ద రోడ్డున పోతుంది. అక్కడి నుంచి ఊరిదాకా దీపం లేని రోడ్డు, మధ్యలో కాలవ. మిషనమ్మ రోజూ మిషను ఆపేసి, కూడలి దాకా నడిచి వెళ్ళి పిల్లను తెచ్చుకునేది. ఆ పిల్ల మేనమామ గట్టిగానే చెప్పేశాడు: ఈ ఏడాది పరీక్షల్లోపు బస్సు పడితే సరే, లేకపోతే చదువు మానిపించి తీసుకుపోతానని.

"అయ్యా, సాయంత్రం బస్సు ఊళ్ళోకి..." అంది మిషనమ్మ.

"కుదరదు," అన్నారీయన.

అందరూ అయితే ఇక్కడితో గేటు వైపు తిరుగుతారు. మిషనమ్మ తిరగలేదు. "ఎందుకు కుదరదో చెప్పండి," అంది.

ఆ ప్రశ్న ఆయన్ని ఇంతవరకు ఎవరూ అడగలేదు. నోరు తెరిచి, మూసి, మళ్ళీ తెరిచి, "కుదరదమ్మా," అన్నారు కాస్త మెత్తగా.

"సరేలెండి," అని వెళ్ళిపోయింది.

ఆ వారం ఆవిడ దగ్గర నుంచి కొత్త చొక్కా వచ్చింది. విప్పి చూస్తే కాలరు లేదు. బావమరిది పరుగెత్తుకెళ్ళి అడిగాడు. "కాలరు కుదరదు బాబూ, మీ బావగారితో చెప్పు" అంది ఆవిడ మిషను ఆపకుండానే. తర్వాతి చొక్కా కూడా అలాగే వచ్చింది. ఆ తర్వాతిదీ అంతే.

"వేరే దర్జీకిద్దాం బావా."

"కుదరదు," అని ఆ చొక్కా తొడుక్కునే శాసనసభకు వెళ్ళారాయన. అక్కడ ఒకరిద్దరు వింతగా చూశారు. మరుసటి సమావేశాలకు కుర్ర సభ్యులు కొందరు కాలరు లేని చొక్కాలు కుట్టించుకొచ్చారు.

సరిగ్గా ఆ రోజుల్లోనే బావకు జీపు టైర్ల మీద బెంగ పట్టుకుంది. సాయంత్రమయ్యేసరికి, "ఒరేయ్, టైర్లలో గాలి తగ్గినట్టుంది. కూడలి దగ్గర కొట్టించుకురా" అనేవారు.

"నిన్ననే కొట్టించాను బావా."

"ఈ రోజు గాలి ఈ రోజుదే. కూడలి దగ్గర పట్నం బస్సు వచ్చేదాకా ఆగి, మెల్లగా రా. రోడ్డు బాగాలేదు."

"మెల్లగా అంటే ఎంత మెల్లగా?"

"ముందు నడిచేవాళ్ళను దాటకుండా."

ముందు నడిచేవాళ్ళు మిషనమ్మా, కూతురూను. ఎక్కమంటే మిషనమ్మ ఎక్కదు, "కుదరదు" అంటుంది. పౌరుషం ఒకరి సొత్తా? ఆ తల్లీకూతుళ్ళు ముందు నడుస్తుంటే, వెనకాల జీపు లైట్లు వేసుకుని ఊరేగింపులా వచ్చేది. వాళ్ళు ఊళ్ళోకి చేరి ఇంటి తలుపు తీసుకునేదాకా అతను హారను కొట్టకూడదు. గాలి కొట్టే కుర్రాడు రోజూ నవ్వేవాడు. మొదట్లో బావకు మతి చెడిందనుకున్న బావమరిదికి, నాలుగైదు రోజులయ్యాక, ఆ లైట్ల వెలుగులో ఆ పిల్ల పుస్తకం తెరిచి నడుస్తూ చదువుకోవడం కనిపించింది. ఇక టైర్ల గురించి వాదించడం మానేశాడు.

కానీ వేరే సంగతి వాదించాడు.

"బావా, నువ్వు ఆ బస్సు కోసం తిరుగుతూనే ఉన్నావు. ఆ మాటేదో ఆవిడతో చెప్పేస్తే ఏం పోయింది? కుదరదన్నావని ఆవిడ పిల్ల చదువు ఇవాళే మానిపించేస్తే?"

బావ సంచీలోంచి పాత తాళం ఒకటి తీసి తుడుస్తూ కూర్చున్నారు. ఆయన మనసు బాగాలేనప్పుడు చేసే పని అది.

"మా నాన్న కొట్టు సంగతి నీకు తెలుసా?" అన్నారు చివరికి. "బజారు రోడ్డు వెడల్పు చేస్తామన్నారు. కొట్టు పోతుందేమోనని నాన్న అప్పటి ఎమ్మెల్యే దగ్గరికి వెళ్ళాడు. ఆయన భుజం మీద చెయ్యేసి చూద్దాం అన్నాడు. ఆ చెయ్యి వేసిన సంగతి నాన్న ఊరంతా చెప్పుకున్నాడు. వారం వారం ఉతికిన చొక్కా వేసుకుని ఆయన అరుగు మీద కూర్చునేవాడు. ఆయన చూద్దాం అనేవాడు. పక్క కొట్లవాళ్ళంతా వేరే చోట్లు చూసుకున్నారు. నాన్న చూసుకోలేదు, మాటిచ్చారు కదా అని. ఒక రోజు పొద్దున కొట్టు కూలగొట్టేశారు. నాన్న అప్పుడు కూడా ఆ చొక్కాలోనే ఉన్నాడు."

"అయితే?"

"మొదటిరోజే కుదరదని ఉంటే తిట్టుకుంటూ పోయి ఇంకో కొట్టు వెతుక్కునేవాడు. కుదరదన్నవాడి గుమ్మం ముందు ఎవడూ కూర్చోడురా. తన పని తను చూసుకుంటాడు. తర్వాత కుదిరిందా, సంతోషం. కుదరలేదా, నష్టం లేదు."

"కానీ ఈసారి..."

"ఈసారి తొందరపడాలి," అన్నారు బావ, లేస్తూ. "నా కుదరదు వల్ల ఆ పిల్ల చదువు పోతే నేను మా నాన్న మొహం తలుచుకోలేను. జీపు తియ్యి."

బస్సు సంగతి అసలు చిక్కెక్కడుందంటే, కాలవ మీది కల్వర్టు దగ్గర ఉంది. పొద్దుటి బస్సు చిన్నది, ఎలాగో దాటిపోతుంది. సాయంత్రం వచ్చేది పెద్ద బస్సు. అది ఎక్కితే కల్వర్టు కూలుతుందని డిపో మేనేజరు అంటాడు. కల్వర్టు రాయిలా ఉందని, బస్సు తిప్పడం ఇష్టంలేక డిపోవాళ్ళు వంకలు పెడుతున్నారని రోడ్ల ఇంజనీరు అంటాడు. ఇద్దరూ ఒకరి మీద ఒకరు చెప్పుకుంటూ ఏళ్ళుగా సుఖంగా ఉన్నారు. కుదరదు గారు ఇద్దరి ఆఫీసుల్లోనూ మార్చి మార్చి కూర్చున్నారు. అటుకులు ఎన్ని తిన్నా లాభం లేకపోయింది. చివరికొక పొద్దున డిపోలో పెద్ద బస్సొకటి తీయించి, సీట్లలో ఇసుక బస్తాలు వేయించి, ఇంజనీరును పిలిపించారు.

"కల్వర్టు గట్టిదే కదా?"

"రాయి సార్. కావాలంటే కాగితం మీద రాసిస్తాను."

"కాగితం బస్సెక్కదు. మీరు ఎక్కండి."

ముందు సీట్లో ఇంజనీరును, పక్కన డిపో మేనేజరును కూర్చోబెట్టి, వాళ్ళిద్దరి మధ్యన తాను ఇరుక్కుని కూర్చున్నారు. ఆయన మనిషి భారీ కావడంతో ఇసుక బస్తాలు రెండు తగ్గించినా సరిపోయేది. వెనక జీపులో బావమరిది. కాలవ కనబడేసరికి ఇంజనీరుకు చెమటలు పట్టాయి.

"సార్, ఒక్క నిమిషం బస్సాపమనండి. కింద రెండు దిమ్మెలు కొత్తవి కట్టిస్తే ఇంకా గట్టిగా ఉంటుంది."

"కుదరదు," అన్నారీయన నిబ్బరంగా.

"కుదురుతుంది సార్. ఈ నెలలోనే కట్టిస్తాను."

"ఇప్పుడే రాయి అన్నారు కదా. పోనివ్వవయ్యా డ్రైవరూ."

"రేపే మొదలుపెడతాను సార్, నా మాట వినండి."

ఒక ఆఫీసరు పని చేస్తానని బతిమాలడం, ఎమ్మెల్యే కుదరదనడం ఆ కాలవ గట్టు మీద తప్ప లోకంలో ఇంకెక్కడా జరిగి ఉండదు. చివరికి ఈయన పెద్ద మనసు చేసుకుని ఒప్పుకున్నారు. దిమ్మెలు కట్టడం పూర్తయ్యాక మళ్ళీ అదే బస్సు, అవే బస్తాలు, ఆ ముగ్గురే. కల్వర్టు చెక్కుచెదరలేదు. సంబరంలో డ్రైవరు గబగబా దిగబోతే తలుపు గొళ్ళానికి తగులుకుని అతని ఖాకీ చొక్కా చిరిగింది తప్ప, ఎవరికీ ఏమీ కాలేదు.

అప్పటికి మళ్ళీ ఎన్నికలు దగ్గర పడుతున్నాయి. బావమరిది ఎగిరి గంతేసినంత పని చేశాడు. "బావా, ఇంక చూసుకో. పూలదండలు కట్టించి, నీ చేత జెండా ఊపించి, మైకు పెట్టి..."

"ఆ రోజు నాకు కుదరదు. సినిమా హాలాయన్ని పిలవమని డిపో మేనేజరుకు చెప్పేశాను."

సినిమా హాలాయన అంతకుముందే మిషనమ్మ గుమ్మంలో నిలబడి, "సాయంత్రం బస్సు అయిపోయిందనుకో చెల్లెమ్మా" అని వెళ్ళాడు. మిషనమ్మ కోపం కొద్దీ ఆయన సభల్లో ముందు వరసలో కూర్చుంటోంది కూడా.

"నీ రెక్కల కష్టం తీసుకెళ్ళి ఆయన చేతుల్లో పెడతావా బావా?"

"నేను జెండా ఊపితే అది నా బస్సవుతుంది. రేపు నేను ఓడిపోతే ఆయన మొదటి వారంలోనే దాన్ని ఆపేస్తాడు. ఆయనే ఊపాడనుకో, చచ్చినా ఆపడు. నేను గెలిచినా బస్సు ఉంటుంది, ఆయన గెలిచినా బస్సు ఉంటుంది. ఆ పిల్ల చదువు పూర్తవ్వాలి కదరా."

సినిమా హాలాయన కొత్త పంచె కట్టుకుని వచ్చి జెండా ఊపాడు. "అయిపోయిందన్నానా, లేదా?" అని ఒకటికి పదిసార్లు అడిగి అందరి చేతా అయిందనిపించుకున్నాడు. మిషనమ్మ ఆయన మెడలో దండ వేసింది. ఆ సాయంత్రం పెద్ద బస్సు కల్వర్టు దాటి ఊళ్ళోకి వచ్చింది, అందులోంచి నర్సు చదువుకునే పిల్ల దిగింది. ఆ రోజు నుంచి జీపు టైర్లలో గాలి గురించి బావ మాటెత్తలేదు.

ఎన్నికలు వచ్చాయి. కుదరదు గారు ఓట్లడగడానికి ఇల్లిల్లూ తిరిగారు. మొదటి వీధిలో మొదటి ఇల్లాలు తలుపు తీసి, ఆయన చేతులు జోడించే లోపే "కుదరదు" అంది. రెండో ఇంట్లోనూ కుదరదు. మూడో ఇంట్లో ముసలావిడకు చెవులు సరిగా వినబడవు, ఆయన పెదవులు కదలడం చూసి ఆవిడా కుదరదంది. బజారు, వెనక సందు, బడి వీధి, అన్నిచోట్లా అదే మాట. వాళ్ళ వెనకాలే పూలు చల్లించుకుంటూ సినిమా హాలాయన వస్తుంటే, అవే గుమ్మాల్లోంచి అవే గొంతులు "మా ఓటు మీకు అయిపోయిందనుకోండి" అంటున్నాయి. బావమరిది చెవులారా విన్నాడు.

"బావా, ఈసారి డిపాజిట్టు కూడా దక్కేలా లేదు."

"బస్సు టైముకు వస్తోందా?" అన్నారు బావ.

"మధ్యలో ఈ బస్సు గోలొకటి. వస్తోంది."

"మరింకేం. కొట్టు తాళంచెవి ఎక్కడ పెట్టానో మీ అక్కనడుగు. దుమ్ము దులపాలి."

సినిమా హాలాయన లెక్కింపు రోజుకు లడ్డూలు చేయించి, హాలు ముందు పందిరి వేయించి, బ్యాండువాళ్ళను కూర్చోబెట్టాడు. అంతా అయిపోయిందనుకున్నాడు మరి. కుదరదు గారు కొట్టు తెరిచి, తుప్పు పట్టిన తాళాలకు నూనె రాస్తూ కూర్చున్నారు. లెక్కింపు దగ్గరికి బావమరిది ఒక్కడే వెళ్ళాడు. సాయంత్రానికి చెప్పుల్లేకుండా పరుగెత్తుకొచ్చాడు. చెప్పులెక్కడ పోయాయో అతనికి ఇప్పటికీ తెలియదు.

"బావా, గెలిచాం. ఊరు ఊరంతా మనకే వేసింది."

"కుదరదే," అన్నారు బావ, చేతిలో తాళం అలాగే పట్టుకుని. జన్మలో మొదటిసారి ఆ మాట ఆయన నోట్లోంచి అనుమానంగా వచ్చింది.

అంతలో మిషనమ్మ వచ్చింది. వెనకాల బజారు ఆడవాళ్ళంతా ఉన్నారు. ఆవిడ చేతిలో ఒక మూట.

"చిరిగిన ఖాకీ చొక్కా ఒకటి వచ్చిందండీ నా దగ్గరికి," అంది మిషనమ్మ. "డ్రైవరుది. ఎలా చిరిగిందయ్యా అని అడిగితే మొదటి నుంచి చివరి దాకా చెప్పాడు. ఇసుక బస్తాల సంగతీ చెప్పాడు, జెండా ఆయన చేత ఊపించమని మీరు డిపో మేనేజరుతో అన్న మాటా చెప్పాడు. ఎందుకన్నారో నాకర్థమైంది. మరి నేను మీ పేరు బయటికి చెబితే బస్సు మీదైపోతుంది కదా. అందుకని వీధిలో నలుగురికీ చెవిలో చెప్పాను. వాళ్ళు ఇంకో నలుగురి చెవిలో చెప్పారు. పైకి మాత్రం ఎవరితో ఏమనాలో అదే అన్నాం. మీ దగ్గర నేర్చుకున్నదే."

కుదరదు గారు కళ్ళు చికిలించి తాళం వంక చూశారు. ఆయన కళ్ళు తడిశాయి, నూనె చేతులతో తుడుచుకోబోతే అక్క వచ్చి చెయ్యి పట్టుకుని ఆపింది.

"నిజం చెప్పండి, ఆ బస్సు మీరు వేయించిందే కదా?" అంది మిషనమ్మ.

"ఒప్పుకోవడం కుదరదమ్మా," అన్నారాయన. "సినిమా హాలాయన మనసు కష్టపెట్టుకుంటాడు."

ఆడవాళ్ళంతా పకపకా నవ్వారు. మిషనమ్మ మూట విప్పి ఆయన ముందు పెట్టింది. అందులో ఇన్నాళ్ళూ ఆవిడ ఎగ్గొట్టిన కాలర్లన్నీ, రంగు రంగుకీ సరిపడా, ఇస్త్రీ చేసి ఉన్నాయి. "చొక్కాలు పంపండి, అతికిస్తాను," అంది. తర్వాత ఊరికే కదులుతున్నట్టు కదిలి, గుమ్మం దగ్గర ఆగింది. "అన్నట్టు అయ్యా, మా సందులో వీధి దీపాలు..."

"కుదరదు."

"సరేనండీ," అంది మిషనమ్మ హాయిగా, ఇంకో మాట అడక్కుండా. వీధిలోకి దిగగానే, "మన సందుకు దీపాలొస్తున్నాయే" అని ఆవిడ పక్కావిడతో చెప్పడం లోపలికి వినిపించింది.

సినిమా హాలాయన ఆ తర్వాత కూడా ఊరికి బస్సు వేయించింది తానేనని చెప్పుకుంటూనే ఉన్నాడు. ఒక రోజు అది కాస్త ఆలస్యమైతే డిపోకు ఫోను చేసి మేనేజరును చడామడా తిట్టాడట కూడా. ఇక లెక్కింపు మర్నాటి మాట. అభినందించడానికి వచ్చినవాళ్ళంతా పూలదండలతో అరుగు మీద ఎదురుచూస్తుంటే, కుదరదు గారు వాళ్ళకొక నమస్కారం పెట్టి, అటుకుల సంచీ పట్టుకుని, కాలరు లేని చొక్కాతోనే జీపెక్కారు. ఎక్కడికని బావమరిది అడగలేదు. జీపును కరెంటాఫీసు వైపు తిప్పాడు.